నంబరు దొరకని నర్సు

మా మేనకోడలు ఈ మధ్య ఒక పెద్ద ఆసుపత్రి ఆఫీసులో చేరింది. కొత్తగా వచ్చే డాక్టర్ల, నర్సుల రిజిస్ట్రేషన్లు అసలైనవో కావో ఇంటర్నెట్‌లో సరిచూడటం ఆమె పని. "నంబరు కొడితే పేరొస్తది మామయ్యా, రెండు నిమిషాల పని" అని ఫోన్లో నవ్వింది. నాకు నవ్వు రాలేదు. ఆ రెండు నిమిషాల పని ఒకప్పుడు నేనూ చేశాను. ఎలా చేశానో ఆమెకు చెప్పలేకపోయాను. అలాంటి కుర్చీల్లో కూర్చున్న మీ అందరికీ కలిపి ఇక్కడ రాస్తున్నాను.

నేను మొదట పాల్వంచలో ఒక ఫ్యాక్టరీలో, కార్మికుల హాజరు చూసే టైమ్ ఆఫీసులో పనిచేశాను. అక్కడ ముందుగానే రిటైర్మెంట్ తీసుకుని, సారపాక వైపు ఒక ట్రస్టు నడిపే ఆసుపత్రిలో ఆఫీసు సూపరింటెండెంటుగా చేరాను. రెండు వేల సంవత్సరం దాటిన తర్వాతి మాట. నలభై పడకల ఆసుపత్రి. కాంట్రాక్టు కూలీలు, వెదురు లారీల మీద పనిచేసేవాళ్లు, అడవి గూడేల నుంచి చలిజ్వరాలతో, కాన్పులకు వచ్చేవాళ్లు మా దగ్గరికే వచ్చేవారు. ఫ్యాక్టరీలో వందల ఐటీఐ సర్టిఫికెట్లు చూసిన చెయ్యి నాది. కాగితాన్ని వెలుతురుకు ఎత్తిపట్టి ముద్ర చూస్తే చాలు, అసలో నకిలీయో చెప్పేస్తానని నాకు గర్వంగా ఉండేది.

ఒకరోజు పొద్దున్నే మా ట్రస్టు కార్యదర్శి చేతిలో దినపత్రికతో ఆఫీసుకు వచ్చారు. ఆయన రిటైరైన హెడ్మాస్టరు. ఇంకో జిల్లాలో నకిలీ డాక్టరు పట్టుబడ్డాడని వార్త.

"మనోళ్లవన్నీ అసలువేనా?" అన్నారు.

"నేను చూసి తీసుకున్నవే కద సార్" అన్నాను.

"నువ్వు జిరాక్సులు చూసినవ్. ఇప్పుడు కౌన్సిళ్ల వివరాలు నెట్ల పెడుతున్నరంట. ఒక్కొక్కరిది కొట్టి చూసి వారంల నాకు లిస్టియ్యి."

మా ఆఫీసులో ఉన్నది ఒకే కంప్యూటర్. ఇంటర్నెట్ టెలిఫోన్ తీగ మీదే నడిచేది. నెట్ పెడితే ఫోన్ మోగదు, ఫోన్ కావాలంటే నెట్ తీసేయాలి. అందుకని ఓపీ అయిపోయి, ఫోన్లు తగ్గే మధ్యాహ్నం వేళ చూసి కూర్చున్నాను. పక్కన సర్టిఫికెట్ల ఫైలు, చేతిలో ఎర్ర పెన్ను.

ముందు డాక్టర్లు. ముగ్గురే. మెడికల్ కౌన్సిల్ సైటులో నంబరు కొడితే పేజీ మెల్లమెల్లగా, ఒక్కో వరసే పైనుంచి కిందికి కనబడేది. మొదటి వరసలో పేరు వచ్చేది. పేరు కనబడగానే టిక్కు పెట్టేవాణ్ణి. లైను తెగిపోతుందేమోనన్న తొందరలో, మిగతా వరసలు రాకముందే తర్వాతి నంబరు కొట్టేవాణ్ణి.

మూడో పేరు మా డ్యూటీ డాక్టరుది. వయసు ముప్పై అయిదు ఉంటుందేమో. ఎప్పుడు చూసినా ఇస్త్రీ చొక్కా, మెత్తని మాట. ముసలివాళ్లను "పెద్దమ్మా, పెద్దయ్యా" అని పిలిచేవాడు. చెయ్యి పట్టుకుని నాడి చూస్తే చాలు, సగం జ్వరం పోయిందనేవాళ్లు. మా ఇంట్లో నాకూ, మా ఆవిడకూ ఆయనే మందులు రాసేవాడు. ఆయన పేరు తెర మీద అక్షరం పొల్లుపోకుండా వచ్చింది. టిక్కు పెట్టాను. నిజం చెప్పాలంటే ఆయనది చూడటమే మర్యాద తక్కువ పని అనిపించింది.

తర్వాత నర్సులు. వాళ్ల కౌన్సిల్ సైటు అప్పుడప్పుడే మొదలైంది. ఆరుగురిలో అయిదుగురివి వచ్చాయి. ఆరో నంబరు కొడితే రికార్డు లేదని ఇంగ్లీషులో ఒక వరస వచ్చింది. మళ్లీ కొట్టాను. అదే. ఇంటిపేరు ముందు పెట్టి, వెనక పెట్టి, పేరుతో వెతికాను. లేదు.

ఆ నంబరు మా కాన్పుల వార్డు సిస్టరుది. చర్ల అవతల అడవిలో ఒక కోయ గూడెం ఆమెది. హాస్టల్లో ఉండి చదువుకుని, నర్సింగు పాసై, నేను చేరకముందు నుంచే మా ఆసుపత్రిలో ఉంది. మాట కరుకు. డాక్టర్లతో కూడా ఎదురు మాట్లాడుతుందని పేరు. గూడేల నుంచి వచ్చే ఆడవాళ్లతో వాళ్ల భాషలోనే మాట్లాడేది. ఆమె సర్టిఫికెట్టు పాతది, అంచులు చిరిగి, ముద్ర అలికిపోయి ఉంది. వెలుతురుకు ఎత్తిపట్టి చూశాను. ఈసారి నాకు కావాల్సిందే కనబడింది.

ఆమెను పిలిపించాను.

"నీ నంబరు కంప్యూటర్ల వస్తలేదమ్మా."

"వస్తలేదంటే ఏంది సార్?"

"అంటే కౌన్సిల్ల నీ పేరు లేదన్నట్టు."

ఆమె వార్డులోంచి అలాగే వచ్చింది, చేతులు ఇంకా తడిగా ఉన్నాయి. "నంబరు నాదే సార్. హైదరాబాదు పోయి, లైన్ల నిలవడి, పుస్తకంల సంతకం పెట్టి తెచ్చుకున్న. పుస్తకం చూడమనుండ్రి వాళ్లను."

"ఇప్పుడు పుస్తకాల్లేవు. అంతా కంప్యూటరే."

"కంప్యూటరుకు నేనెట్ల తెలుస్త సార్? నన్ను చూసిన మనుషులకు తెలుస్త."

ఆ మాటను నేను పొగరనుకున్నాను. సరిచూసే పనిలో ఉన్నవాడికి ఎదుటివాళ్ల బాధ పొగరులా కనిపించడం ఎంత తేలికో నాకు అప్పుడు తెలియదు.

రిపోర్టు చూసి కార్యదర్శి దిగాలుపడ్డారు. కౌన్సిలుకు ఉత్తరం రాయమన్నారు, జవాబు వచ్చేదాకా ఆమెను డ్యూటీలోంచి ఆపమన్నారు. ఆపమన్నది ఆయనే. కానీ నోటీసు బోర్డు మీద పెట్టమని ఆయన చెప్పలేదు. అది నా సొంత తెలివి. ఫ్యాక్టరీలో సస్పెన్షను కాగితం గేటు దగ్గర అతికించేవాళ్లం. ఆ అలవాటు కొద్దీ ఓపీ పక్కన బోర్డు మీద, రిజిస్ట్రేషన్ నిర్ధారణ కానందున ఫలానా నర్సు విధుల నుంచి నిలిపివేయబడినది అని టైపు చేసి అతికించాను. పది నిమిషాలు కూడా పట్టలేదు. ఆమె ఆ కాగితం ముందు నిలబడి చదువుకుని, కాన్పుల గది తాళాలు నా బల్ల మీద పెట్టి వెళ్లిపోయింది.

సాయంత్రానికి బజారంతా "దొంగ నర్సు" అయిపోయింది. ఆమె భర్త కాగితం మిల్లులో కాంట్రాక్టు పని చేసేవాడు, నెమ్మది మనిషి. మర్నాడు వచ్చి గుమ్మం దగ్గరే నిలబడ్డాడు.

"సారూ, కాగితమన్న తీసెయ్యుండ్రి. పనిల మావోళ్లు అడుగుతున్నరు, నీ పెండ్లాం ఎందర్ని సంపిందని."

జవాబు రాగానే తీసేస్తానన్నాను. కౌన్సిల్ నుంచి జవాబు రాలేదు. ఒక వారం, రెండు, మూడు. కాగితం బోర్డు మీద అలాగే ఉంది.

మూడో వారం చివర, మధ్యాహ్నం పూట, అడవి వైపు నుంచి ట్రాక్టరు ట్రాలీలో ఒక గర్భిణిని తెచ్చారు. నొప్పులు వస్తున్నాయి. మా లేడీ డాక్టరు సెలవులో ఊరికి వెళ్లింది. ఉన్నది డ్యూటీ డాక్టరే. అరగంటలో బిడ్డ ఏడుపు వినిపించింది. హమ్మయ్య అనుకున్నాను. ఇంకో పావుగంటకు చిన్న నర్సు నా గదిలోకి పరిగెత్తుకొచ్చింది. ఆమె చేతులు మోచేతుల దాకా ఎర్రగా ఉన్నాయి.

"సార్, బిడ్డ మంచిగనే ఉంది. మాయ పడకముందే డాక్టర్ సారు బొడ్డుతాడు పట్టి గుంజిండు. రక్తం ఆగుతలేదు. ఏం చెయ్యాలె సార్ అంటే ఆయన గోడకు ఆనుకొని నిలవడ్డడు. మాట్లాడుతలేడు. అక్కను పిలిపియ్యుండ్రి సార్, జల్దీ!"

సిస్టరు ఇల్లు ఆసుపత్రి వెనక సందులోనే, కిరాయి గది. నేనే పరిగెత్తాను. ఆమె గుమ్మంలో బియ్యం చెరుగుతోంది. నేను రొప్పుతూ రెండు ముక్కలు చెప్పానో లేదో చాట పక్కన పెట్టి లేచింది. యూనిఫారం లేదు, చెప్పులు కూడా లేవు. కొంగు నడుముకు దోపుకుంటూ నా ముందే పరిగెత్తింది.

తలుపు బయట నిలబడి నేను విన్నవి ఆమె కేకలే. "సూది తియ్యి. కాళ్లు పైకెత్తు. ఇంకో సూది." మధ్యలో ఆ తల్లితో కోయలో ఏదో మెత్తగా చెబుతోంది. రెండు చేతులతో పొట్టను అదిమి పట్టిందట, చాలాసేపు వదలకుండా. రక్తం తగ్గింది. ఆ చేతులు తీయకుండానే తల్లితో పాటు ఆసుపత్రి జీపు ఎక్కింది. గోదావరి వంతెన దాటి భద్రాచలంలో పెద్దాసుపత్రికి చేరేదాకా అలాగే కూర్చుంది. నేను ముందు సీట్లో ఉన్నాను. వెనక్కి తిరిగి చూసే ధైర్యం రాలేదు. అక్కడ రక్తం ఎక్కించారు. ఆ తల్లి బతికింది.

పెద్దాసుపత్రి వరండాలో కుళాయి దగ్గర చేతులు కడుక్కుంటూ సిస్టరు నాతో అంది.

"సార్, ఒక్క మాట. కోపం చెయ్యొద్దు."

"చెప్పమ్మా."

"భయపడ్డోళ్లను చూసిన నేను. డాక్టర్లు గూడ భయపడతరు. కని ఆయన భయపడ్డది గట్ల లేదు. ఆయనకు అక్కడ ఏముంటదో తెల్వది. మాయ అంటే ఏందో తెల్వనోని లెక్క గుంజిండట. నన్ను చూసిండ్రు గద, ఆయన్ని గూడ ఇంకోపాలి చూడుండ్రి."

నాకు ఒళ్లు మండింది. సస్పెన్షనులో ఉన్న మనిషి, డాక్టరును అనుమానిస్తోంది! అయినా వెనక్కి వచ్చాక నెట్ పెట్టి కూర్చున్నాను, ఆమె మాట తప్పని తేల్చడానికే. డ్యూటీ డాక్టరు నంబరు కొట్టాను. ఈసారి చివరి వరస దాకా ఆగాను.

పేరు వచ్చింది. అదే పేరు. తర్వాత తండ్రి పేరు వచ్చింది. ఫైలు తెరిచి ఆయన దరఖాస్తు చూశాను. దాంట్లో తండ్రి పేరు వేరే. తర్వాత చదివిన కాలేజీ. సరిపోయింది. తర్వాత రిజిస్ట్రేషన్ అయిన సంవత్సరం. అది చూసి, తప్పు చదివాననుకుని, కళ్లద్దాలు తీసి తుడుచుకుని మళ్లీ చూశాను. ఆ సంవత్సరానికి మా డాక్టరు మూడో తరగతిలోనో నాలుగో తరగతిలోనో ఉండాలి. జిరాక్సు తీసి చూశాను. సంవత్సరం దగ్గర రెండు అంకెలు మిగతావాటికన్నా కొంచెం నల్లగా ఉన్నాయి. నాలుగేళ్లుగా ఆ కాగితం నా బీరువాలోనే ఉంది.

తెర మీద ఇంకా అదే పేజీ ఉంది. పక్కగదిలో ఆయన ఎవరితోనో "పెద్దమ్మా, భోంచేశాక వేసుకో" అంటున్నాడు.

మర్నాడు పొద్దున బస్సెక్కి హైదరాబాదు పోయాను. ముందు నర్సింగ్ కౌన్సిలుకు. అక్కడి గుమాస్తా నా కాగితం చూసి తేలిగ్గా అన్నాడు. "ఈ నంబరు పాత వాల్యూముది సార్. పాతవి ఇంకా కంప్యూటర్ల ఎక్కియ్యలే. మీరు రాసిన ఉత్తరం గిట్ల కట్టల్లనే ఉంటది." లోపలికి వెళ్లి అట్ట ఊడిన లావుపాటి రిజిస్టరు తెచ్చి పేజీ తిప్పాడు. ఉంది. ఆమె పేరు, తండ్రి పేరు, గూడెం పేరు, నీలం సిరాతో సంతకం, పక్కన రెండు జడలతో చిన్న ఫోటో. "రికార్డు లేదు అంటే మా కంప్యూటర్ల లేదని సార్. మనిషి నకిలీ అని కాదు" అన్నాడు. ఆ సంగతి నేను ముందే ఎవరినైనా అడిగి ఉండాల్సింది.

అక్కడి నుంచి మెడికల్ కౌన్సిలుకు. ఆ నంబరు గల డాక్టరు ఇంకో జిల్లాలో ప్రాక్టీసు చేస్తున్న పెద్దమనిషి. వాళ్లే ఫోన్ కలిపి ఇచ్చారు. నేను విషయం చెప్పగానే ఆయన అడిగారు.

"పొడుగ్గా ఉంటడా? ఎడమ చేత్తో రాస్తడా?"

"అవ్ సార్."

"ఆరేండ్లు నా దగ్గర కాంపౌండర్‌గ చేసిండు. సూది వెయ్యడం నేనే నేర్పిన. నా సర్టిఫికెట్లు జిరాక్సులకు పంపితే అతన్నే పంపేవాణ్ణి." ఆయనే మళ్లీ అడిగారు. "నా పేరు మీద ఎవరికైనా ఏమన్న అయిందా?"



తిరిగి వచ్చి కార్యదర్శికి అంతా చెప్పాను. ఆయన కుర్చీలో కూలబడ్డారు. "రాజీనామా తీస్కొని పంపిద్దం. పేపర్ల పడితే ఆసుపత్రి మూతబడతది. గూడేలోళ్లకు ఇంకో దిక్కు లేదు" అన్నారు. ఆయన చెడ్డవాడు కాదు. ఆ మాటలో నిజమూ ఉంది. కానీ ఇక్కడ నుంచి పంపిస్తే అతను ఇంకో అడవి అంచున బోర్డు పెడతాడు. పైగా, నర్సును బజారున పెట్టేటప్పుడు ఆసుపత్రి పరువు మాకు గుర్తు రాలేదు. ఆ మాటే అన్నాను. ఆయన తల దించుకుని, "రాయి" అన్నారు. ఫిర్యాదు కింద మొదటి సంతకం నేను పెట్టాను, రెండోది ఆయన.

ఎస్సై మఫ్టీలో వచ్చారు. కార్యదర్శితో కలిసి మేము ముగ్గురం ఓపీ గదిలోకి వెళ్లేసరికి డ్యూటీ డాక్టరు చీటీ రాస్తున్నాడు, ఎడమ చేత్తో. నేను అడిగాను.

"మీ నాన్నగారి పేరేంటండీ?"

అతను నన్ను చూశాడు, వెనక ఉన్నవాళ్లను చూశాడు. చీటీ పూర్తిచేసి రోగి చేతికిచ్చి, బయట కూర్చోమన్నాడు. "తెలిసిందా సార్?" అన్నాడు, ఎప్పటి మెత్తని గొంతుతోనే. "బయట ఇంకా పదిహేను మంది ఉన్నారు. పొద్దున్నే నడిచి వచ్చారు పాపం. వాళ్లను చూసి వచ్చేస్తాను."

"సరే" అనే మాట నా నోటి దాకా వచ్చింది. అన్నీ తెలిసి, నా కళ్లతో చూసి, హైదరాబాదు పోయి విని వచ్చాక కూడా! ఆ ఒక్క క్షణం నన్ను అతనికన్నా ఎక్కువ భయపెట్టింది. ఎస్సై అతని భుజం మీద చెయ్యి వేయబట్టి నేను ఆ మాట అనలేదు.

జీపు కదులుతుంటే లైనులో ఉన్నవాళ్లు నా మీదికే వచ్చారు. "దేవునసొంటి డాక్టర్ను పట్టిచ్చిండు" అని ఒక ముసలమ్మ నా చొక్కా పట్టుకుంది. తర్వాత లేడీ డాక్టరు అతను చూసిన రోగుల చీటీలన్నీ ముందేసుకుని కూర్చుంది. కబురు పెడితే చాలామంది వచ్చి మళ్లీ చూపించుకున్నారు. కొందరు రాలేదు. వాళ్ల ఊళ్లకు మనుషుల్ని పంపాం. అక్కడి నుంచి వచ్చిన రెండు కబుర్లు నేను ఇక్కడ రాయలేను.

సిస్టరు ఇంటికి రిజిస్టరు పేజీ జిరాక్సు పట్టుకుని వెళ్లాను. ఆమె, భర్త ఇద్దరూ ఉన్నారు. కాగితంలో తన ఫోటో చూసి, "గిట్ల ఉంటినా నేను?" అని భర్తకు చూపించింది. అతను చాలాసేపు చూశాడు. నేను తప్పయిపోయిందని చెప్పడం మొదలుపెట్టాను. ఆమె చెయ్యి అడ్డం పెట్టింది.

"ఇంట్ల చెప్తె ఏం లాభం సార్? బోర్డు మీద అందరు చదివిండ్రు. చదువు రానోళ్లకు చదువొచ్చినోళ్లు చదివి చెప్పిండ్రు. మీరు గూడ అక్కడనే చెప్పుండ్రి."

అందుకే పిల్లలూ, నేను చెప్పేది కొంచెమే. పేరు కలిస్తే మనిషి కలిసినట్టు కాదు. పేజీ చివర దాకా చూడండి. తండ్రి పేరు, పుట్టిన తేదీ, చదివిన చోటు, ఏ ఏడు నమోదైంది, ఇప్పటికీ చెల్లుతుందా లేదా, ఫోటో ఉంటే ఫోటో, అన్నీ ఎదుటి మనిషితో పోల్చండి. ఎవరో పంపిన లింకు కాకుండా కౌన్సిల్ సొంత సైటే తెరవండి. రికార్డు లేదని వస్తే అది మీరు అడగాల్సిన ప్రశ్నకు మొదలు మాత్రమే. ఫోన్ చేయండి, ఉత్తరం రాయండి, అవసరమైతే బస్సెక్కండి. జవాబు వచ్చేదాకా ఆ మనిషి పేరు నాలుగు గోడల మధ్యే ఉంచండి.

నేను సిస్టరు ఇంటికి వెళ్లిన మర్నాడు, ఓపీ వేళకు సిస్టరు తెల్ల యూనిఫారంలో వచ్చింది. భర్త పని మానుకుని వచ్చాడు. కార్యదర్శి వచ్చారు. గూడెం నుంచి ఆమె అన్నదమ్ములు ఇద్దరు వచ్చి వరండా అంచున నిలబడ్డారు. పాత కాగితం పీకేశాను. జిగురు గట్టిగా పట్టుకుని ముక్కలు ముక్కలుగా వచ్చింది, గోళ్లతో గీకాల్సి వచ్చింది. దాని చోట రిజిస్టరు పేజీ అతికించి, రాసుకొచ్చిన క్షమాపణ కాగితం విప్పి గట్టిగా చదవడం మొదలుపెట్టాను. "ఈ ఆసుపత్రిలో పనిచేస్తున్న సిస్టరు గారి విషయంలో నేను..."

రెండో వాక్యంలో ఉండగా గేటు దగ్గర ఆటో ఆగింది. లోపల ఒక ఆడమనిషి మూలుగుతోంది. సిస్టరు నా వైపు చూడనైనా చూడలేదు. నా ముందు నుంచే గబగబా దాటుకుని ఆటో దగ్గరికి పోయింది. ఆ మనిషిని నడుము దగ్గర పట్టుకుని కోయలో ఏదో అడుగుతూ లోపలికి తీసుకుపోయింది. కాన్పుల గది తలుపు మూసుకుంది.

నేను ఆగిపోయాను. ఆమె భర్త నన్నే చూస్తున్నాడు.

"సదువుండ్రి సారూ" అన్నాడు.

మిగతాది చివర దాకా చదివాను.